ట్రాము తిరిగిన చెన్నపట్నం

మదరాసులో తెలుగువాళ్ల కాలం ఎప్పుడు ముగిసిందని అడిగితే చాలామంది 1953 అక్టోబరు 1 అంటారు. కర్నూలు రాజధానిగా ఆంధ్ర రాష్ట్రం ఏర్పడిన రోజది. నా లెక్కలో ఆ ముగింపు కొంచెం ముందే మొదలైంది. ఆ ఏడే ఏప్రిల్ 12న మదరాసు ట్రాములు ఆగిపోయాయి. రాష్ట్రం రావడానికి పత్రికల్లో పతాక శీర్షికలు, ఊళ్లలో ఊరేగింపులు. ట్రాము పోవడానికి అంత హడావిడి ఏముంటుంది? అయినా జార్జిటౌన్‌లో అద్దె వాటాల్లో కాపురాలు చేసిన మాబోటి తెలుగు కుటుంబాలకు ఆ రెండూ ఒకదాని వెనక ఒకటి వచ్చాయి. చెన్నపట్నం మనది కాదన్న మాట పెద్దల నోట వినకముందే, మాకు తెలిసిన చెన్నపట్నం మా కాళ్ల కింది నుంచి జారిపోవడం మొదలైంది.

ఇప్పటివాళ్లకు ట్రామంటే కలకత్తా. కానీ మన దేశంలో కరెంటు ట్రాము మొదట నడిచింది మదరాసులో, 1895 మే 7న. కలకత్తాకు కరెంటు ట్రాము 1902లో వచ్చింది, బొంబాయికి 1907లో. అంతదాకా ఆ రెండు ఊళ్లలోనూ ట్రాములకు గుర్రాలు కట్టేవాళ్లు. ఆ మాటకొస్తే మదరాసులో కరెంటు బండి తిరుగుతున్న రోజుల్లో లండన్ వీధుల్లోనూ ట్రాములను లాగింది గుర్రాలే. ఊళ్లో ఇళ్లకు కరెంటు దీపాలు రాకముందే ట్రాముకు కరెంటు వచ్చిందని, కిరసనాయిలు బుడ్డి ముందు కూర్చుని చదువుకున్న మా తాతల తరం వాళ్లు గొప్పగా చెప్పుకునేవాళ్లు.

మొదట్లో నెత్తిన తీగలు లేవట. రెండు పట్టాల నడుమ నేలలో సన్నని సందు, దాని కింద కాలువ, ఆ కాలువలో కరెంటు. బండి అడుగు నుంచి దిగిన కొక్కెం ఆ సందులోంచి కరెంటు అందుకుంటూ పోయేది. వీధులు తీగల చిక్కు లేకుండా చూడముచ్చటగా ఉంటాయన్నది ఆలోచన. ఆ ఆలోచన చేసినవాళ్లు మదరాసు వానను లెక్కలో వేసుకోలేదు. మనకు ఆషాఢ శ్రావణాల్లో పడే వాన అక్కడ ఆశ్వయుజ కార్తీకాల్లో పడుతుంది. పడితే ఊరు ఊరంతా మునుగుతుంది. కాలువలోకి నీళ్లు దిగితే కరెంటు ఉండదు, బండి కదలదు. చివరికి సందులు పూడ్చి, స్తంభాలు పాతి, తీగలు పైకెత్తారు. నేను ఎరిగినది ఈ తీగల ట్రామునే.

కంపెనీ కూడా నిలదొక్కుకోవడానికి కొంత కాలం పట్టింది. 1904లో అది కొత్తగా రూపుకట్టింది. మదరాస్ ఎలక్ట్రిక్ ట్రామ్వేస్ అన్న పేరు పక్కనే బ్రాకెట్లో 1904 అన్న అంకె వేసుకునేది. 1921 నాటికి 97 బండ్లు, 24 కిలోమీటర్ల పట్టాలు. అదే దాని ఉచ్చదశ. ఆ తర్వాత ఊరు పెరిగింది గానీ పట్టాలు పెరగలేదు. ట్రాము కథంతా ఈ ఒక్క మాటలో ఉంది.

మా నాయన జార్జిటౌన్‌లో ఒక అచ్చాఫీసులో ప్రూఫులు దిద్దేవాడు. మాది నెల్లూరు జిల్లా. రైలు దిగితే సెంట్రల్ స్టేషన్. ఉత్తరాన్నుంచి వచ్చే తెలుగువాళ్లందరికీ మదరాసు గుమ్మం సెంట్రలే. దక్షిణాది జిల్లాల తమిళులు ఎగ్మూరులో దిగేవాళ్లు. ఊరికి రెండు గుమ్మాలు, రెండింటి ముందూ ట్రాము. సెంట్రల్ ముందర జట్కావాళ్లు, రిక్షావాళ్లు చుట్టుముట్టి సామాను మీద చెయ్యి వేసేవాళ్లు. ట్రాము మాత్రం ఎవరినీ పిలిచేది కాదు. ఎక్కినవాళ్లను ఎక్కించుకుని, గంట కొట్టుకుంటూ వెళ్లిపోయేది. బేరం లేదు. ఊరికి కొత్తవాడివని నీ దగ్గర ఒక డబ్బు ఎక్కువ తీసుకోవడమూ లేదు. మదరాసులో మమ్మల్ని మోసం చెయ్యని మొదటి మనిషి ట్రాము కండక్టరని నాయన అంటుండేవాడు.

మా అవ్వ ఒకసారి ఊరి నుంచి వచ్చింది. ట్రాము దగ్గరికొచ్చి ఆగితే ఒక అడుగు వెనక్కేసింది. "ఎద్దుల్లేవు, గుర్రాల్లేవు, పొగన్నా రావడంలా. దేనితో పోతా ఉందిరా ఇది?" అంది. "పైన తీగలో కరెంటు వస్తా ఉందమ్మా, దాంతో" అన్నాడు నాయన. అవ్వ తీగ వంక చూసింది, పట్టాల వంక చూసింది. "అట్లయితే కింద తొక్కితే పట్టుకోదా?" అని అడిగింది. చాలా తెలివైన ప్రశ్న. కరెంటు పైతీగలోంచి దిగి, మోటారు తిప్పి, చక్రాల మీదుగా పట్టాల్లోంచే తిరిగి పోతుంది. పట్టా నేలను అంటుకునే ఉంటుంది కాబట్టి తొక్కినా ఏమీ కాదు. ఈ సంగతి నాకు కాలేజీలో చేరాక గానీ బోధపడలేదు. అవ్వకు మాత్రం ఆ రోజు ఎవరూ సరైన జవాబు చెప్పలేదు. ఆవిడ మదరాసులో ఉన్నన్నాళ్లూ పట్టా దాటవలసి వస్తే దాని మీద అడుగు పెట్టకుండా అంగ వేసేది.

బండి కట్టుబడి తేలిక. చెక్క ఒళ్లు, చెక్క బెంచీలు, పట్టుకోవడానికి తోలు వార్లు. నెత్తిన పొడవాటి గడ ఒకటి ఏటవాలుగా నిలబడి, కొసన ఉన్న చిన్న చక్రంతో తీగను తాకుతూ పోయేది. తీగల కూడలి దాటేటప్పుడు చిటుక్కున నీలం నిప్పురవ్వలు రాలేవి. రాత్రిపూట వాటి కోసమే కిటికీ పక్క చోటు కోసం పిల్లలం కొట్లాడుకునేవాళ్లం. ఒక్కోసారి ఆ గడ తీగ తప్పేది. బండిలో దీపాలన్నీ ఒక్కసారిగా ఆరిపోయేవి. కండక్టరు విసుక్కోకుండా దిగి, వెనక వేలాడే తాడు పట్టుకుని, తల పైకెత్తి, గడను మళ్లీ తీగకు తగిలించేవాడు. ఆ పని నాలుగు క్షణాల్లో చేసేవాడు పాతకాపు. కొత్తవాడైతే నలుగురు ప్రయాణికులు దిగి సలహాలు చెప్పేవాళ్లు.

లైను కొసకు చేరాక బండి తిరగదు, మనుషులే తిరగాలి. డ్రైవరు తన హ్యాండిలు ఊడదీసుకుని, అది చేతపట్టుకునే ఈ కొస నుంచి ఆ కొసకు నడిచి వెళ్లేవాడు. ఆ హ్యాండిలు లేకపోతే బండి కదలదు కనుక టీ తాగడానికి పోయినా అది అతని చేతిలోనే ఉండేది. కండక్టరు గడను అటు నుంచి ఇటు తిప్పేవాడు. అంతవరకూ వెనక అనుకున్నది ముందైపోయేది.

డ్రైవరు నిలబడే నడిపేవాడు. ఎడమ చేతిలో కరెంటు హ్యాండిలు, కుడి చేతిలో బ్రేకు, కాలి కింద గంట. ఆ గంటే ట్రాము గొంతు. టాంగ్ టాంగ్ మని కొట్టే తీరును బట్టి నడిపేది ఎవరో చెప్పగలిగిన పిల్లలు మా వీధిలో ఉన్నారు. పట్టా మీద నిలబడిపోయిన ఎద్దుబండిని తప్పించడానికి ఒక గంట, జనం మధ్య మెల్లగా పోయేటప్పుడు ఒక గంట, ఎదురుగా వచ్చే ట్రాము డ్రైవరును పలకరించడానికి మరొక గంట. వాన పడి పట్టాలు జారుతుంటే బండిలోంచి ఇసుక వదిలి చక్రాలకు పట్టు తెచ్చేవాళ్లు. పట్టా గాడిలో సైకిలు చక్రం ఇరుక్కుని పడ్డవాళ్లకు లెక్క లేదు. మదరాసులో సైకిలు నేర్చుకున్నవాడెవడైనా సరే, పట్టాను అడ్డంగా కొయ్యాలి గానీ ఏటవాలుగా పోకూడదన్న పాఠం మోకాలి మీద రాయించుకున్నవాడే.

అణా కాలం అది. కాస్త దూరానికి కాస్త చిల్లర. ఆ చిల్లర మిగుల్చుకోవడానికి ఒక స్టేజీ ముందే దిగి నడిచేవాళ్లు గుమాస్తాలు. మా నాయన పొద్దున ట్రాములో వెళ్లి సాయంత్రం నడిచి వచ్చేవాడు. పొద్దున ఆలస్యమైతే యజమాని ఊరుకోడు, సాయంత్రం ఆలస్యమైతే అమ్మ ఊరుకుంటుంది, అదీ లెక్క. మిగిలిన చిల్లరతో మూర్ మార్కెట్టులో పాత పుస్తకాలు కొనేవాడు. మా ఇంట్లో బీరువా నిండా పుస్తకాలున్నాయంటే అవి ఆ సాయంత్రపు నడకల పుణ్యం.

కండక్టరు తమిళుడు. "ఎంగ పోణుం సామీ?" అనేవాడు. ఎక్కినవాడి ముఖం చూసి, చేతిలో సంచీ చూసి తెలుగువాడని పోల్చుకుంటే "ఎక్కడికి సామీ?" అని తనకొచ్చిన తెలుగులో అడిగేవాడు. జార్జిటౌన్ లైన్లో తిరిగే కండక్టర్లకు తెలుగు రాకపోతే పని జరగదు. తెలుగు, తమిళం, ఉర్దూ, మార్వాడీల హిందీ, అన్నీ ఆ చెక్క బెంచీల మీద ఒకదాన్నొకటి ఒరుసుకునేవి. మైలాపూరు వకీలు, ట్రిప్లికేను సాయిబు, కొత్వాల్ చావడిలో కూరగాయలు దింపి వట్టి గంపతో తిరిగివచ్చే మనిషి, ముగ్గురూ ఒకే బెంచీ మీద మోకాళ్లు తగిలేలా కూర్చునేవాళ్లు. మడి కట్టుకున్న ముసలమ్మలు మాత్రం ట్రాము దిగి ఇంటికొచ్చాక నెత్తిన నీళ్లు పోసుకునేవాళ్లు. ఎక్కడం మానలేదు, నీళ్లు పోసుకోవడమూ మానలేదు.

తెలుగువాళ్ల మదరాసును గీసి చూపించమంటే నేను ట్రాము పట్టాలే గీస్తాను. పారిస్ కార్నరు నుంచి మొదలుపెట్టండి. ఎస్ప్లనేడు మీద వావిళ్ల వారి దుకాణం. భారత భాగవతాలు, కావ్యాలు, వాటి వ్యాఖ్యానాలు అచ్చై తెలుగు జిల్లాలకు పోయేది అక్కడి నుంచే. దానికి పక్క వీధుల్లో తంబుచెట్టి వీధి, ఆంధ్రపత్రిక ఆఫీసు. కాశీనాథుని నాగేశ్వరరావు పంతులుగారు 1914లో పత్రికను బొంబాయి నుంచి అక్కడికి తెచ్చి దినపత్రిక చేశారు, 1924లో భారతి పెట్టారు. హైకోర్టుకు ఎదురుగా మదరాసు క్రిస్టియన్ కాలేజీ. 1937లో తాంబరానికి తరలిపోయేదాకా అది అక్కడే ఉండేది. శ్రీశ్రీ బి.ఏ. చదివింది అక్కడే, 1931లో పట్టా పుచ్చుకున్నదీ అక్కడి నుంచే. కాస్త లోపలికి వెళితే కన్యకాపరమేశ్వరి దేవస్థానం, ఆ దేవస్థానం ఆస్తి అయిన కొత్వాల్ చావడి. నెల్లూరు నిమ్మకాయలూ గుంటూరు మిరపకాయలూ అక్కడ తెలుగులోనే బేరమాడేవి.

అక్కడి నుంచి ట్రాము సెంట్రల్ మీదుగా మౌంటు రోడ్డుకు పోతే గెయిటీ టాకీసు. 1914లో రఘుపతి వెంకయ్యనాయుడు కట్టించిన సినిమా హాలది. మదరాసులో భారతీయుడు కట్టిన మొదటి సినిమా హాలు. తర్వాత ఆయనే టంకశాల వీధిలో క్రౌను, పురసవాకంలో గ్లోబు కట్టించాడు. సినిమాకు జనం రావాలంటే జనం తిరిగే దారిన హాలుండాలి. ఆ రోజుల్లో జనం తిరిగే దారి ట్రాము దారే. ఇక మైలాపూరు వైపు పోతే లజ్‌లో పంతులుగారి శ్రీబాగ్. రాయలసీమ, కోస్తా నాయకులు 1937 నవంబరు 16న ఒప్పందానికి వచ్చింది ఆ ఇంట్లోనే. పత్రిక ఆఫీసు ఒక కొస, సంపాదకుడి ఇల్లు మరొక కొస. నడుమ ప్రూఫుల కట్టలు, ఉత్తరాలు, రాసుకొచ్చిన వ్యాసాలు పట్టుకుని తిరిగే మనుషులు. మా నాయన లాంటివాళ్లు ట్రాములో కూర్చునే కలం తీసి అచ్చుతప్పులు దిద్దేవాళ్లు. కుదుపుకు గీత వంకర పోతే కంపోజిటరు అర్థం చేసుకునేవాడు, అతనూ ఆ ట్రాములోనే వచ్చేవాడు కనుక. ఆనాటి తెలుగు పుస్తకాల్లో కొన్ని అచ్చుతప్పులు ట్రాము చేసినవే అయ్యుంటాయి.

ట్రామును నడిపినవాళ్ల బతుకు అంత సాఫీగా ఏమీ లేదు. పొద్దున్నుంచి రాత్రిదాకా నిలబడే కొలువు. 1918 ఏప్రిల్ 27న బి.పి. వాడియా నాయకత్వంలో మదరాసు లేబర్ యూనియన్ పుట్టింది. అది ముఖ్యంగా బకింగ్‌హాం, కర్నాటిక్ మిల్లుల కార్మికులది. ఆ వేడిలోనే ట్రాము కార్మికులూ సంఘం పెట్టుకున్నారు. వాళ్లు సమ్మె చేస్తే ఊరికి వెంటనే తెలిసేది. మిల్లు ఆగితే మిల్లు పేటకే తెలుస్తుంది, ట్రాము ఆగితే హైకోర్టు మొదలు చేపల మార్కెట్టు దాకా తెలుస్తుంది. ఊరు తమ చేతి మీద నడుస్తోందన్న గర్వం ఆ ఖాకీ చొక్కాల నడకలో ఉండేది.

యుద్ధకాలం గురించి నాయన చెప్పగా విన్నాను. 1942 ఏప్రిల్ 6న విశాఖపట్నం, కాకినాడల మీద జపాను బాంబులు పడ్డాయి. ఆ కబురుతో మదరాసు సగం ఖాళీ అయింది. సెంట్రల్‌కు వెళ్లే ట్రాముల్లో కాలు పెట్టే చోటు లేదు, సెంట్రల్ నుంచి వచ్చేవి వట్టివి. రాత్రిళ్లు దీపాలకు మూతలు కట్టి, చీకట్లో గంట కొట్టుకుంటూ బండ్లు తిరిగేవి. పెట్రోలుకు రేషను. బస్సులకు వెనక బొగ్గు పొయ్యి తగిలించి ఆ గ్యాసుతో నడిపేవాళ్లు, గట్టు ఎక్కమంటే మొరాయించేవి. కరెంటుతో నడిచే ట్రాముకు ఆ బాధ లేదు. యుద్ధం ఉన్నన్నాళ్లూ మదరాసును మోసింది అదే. ఆ మోతకే దాని నడుం విరిగింది కూడా. కొత్త బండ్లు లేవు, విడిభాగాలు రావు, పట్టాలు అరిగిపోతున్నా మార్చే దిక్కు లేదు. నేను ఎక్కే నాటికి ట్రాము ఒళ్లంతా కీళ్లు కదిలిన చప్పుడు.

ఇక బస్సు వచ్చి ట్రామును చంపిందని అందరూ తేలిగ్గా అనేస్తారు. బస్సు చేసింది సగం పనే. మిగతా సగం మదరాసు మ్యాపు చేసింది. 1920లలో ప్రభుత్వం మాంబళం చెరువు వైపు త్యాగరాయనగర్ వేసింది. వెడల్పాటి వీధులు, తోటలున్న ఇళ్లు. వకీళ్లు, డాక్టర్లు, తర్వాత సినిమావాళ్లు అటే పోయారు. అటు ట్రాము పట్టాలు లేవు. 1931లో బీచి నుంచి తాంబరం దాకా కరెంటు రైలు వచ్చింది. మాంబళం, కోడంబాకం స్టేషన్లు దాని దారిలో పడ్డాయి. వాహినీ స్టూడియో వడపళనిలో లేచింది, చందమామ ఆఫీసూ అటే. తెలుగువాళ్ల పని కూడా జార్జిటౌన్ నుంచి మెల్లగా ఆ దిక్కుకు జరిగింది. అంటే అచ్చులో తెలుగు ట్రాము దారిన ఉంది, తెర మీద తెలుగు ట్రాము దారి తప్పింది. అచ్చు కూలీ నెమ్మదిగా తగ్గుతూ, తెర కూలీ పెరుగుతూ వచ్చింది. మా వీధిలో కుర్రాళ్లు ప్రూఫులు దిద్దడం మానేసి కోడంబాకం రైలెక్కడం నేను కళ్లారా చూశాను.

1947లో ప్రభుత్వమే సిటీ బస్సులు మొదలుపెట్టింది. బస్సుకు ఎక్కడ జనముంటే అక్కడికి దారి మార్చుకునే వీలుంది. ట్రాముకు ఆ వీలు లేదు. పైగా మౌంటు రోడ్డు మీద మోటారు కార్లు ఎక్కువయ్యేకొద్దీ రోడ్డు నడుమ పోయే ట్రాము అందరికీ అడ్డమైంది. నడిరోడ్డున ఆగే ట్రాము దిగాలంటే కార్ల మధ్య నుంచి గట్టుకు చేరాలి. కార్లవాళ్లు ట్రామును తిట్టేవాళ్లు, ట్రాము జనం కార్లను తిట్టేవాళ్లు. తిట్లు రెండు వైపులా ఉన్నా పత్రికలకు ఉత్తరాలు రాసే తీరిక కార్లవాళ్లకే ఉండేది.

1950 నాటికే కంపెనీ దివాలా తీసింది. పట్టాలు కంపెనీవి, రోడ్డు కార్పొరేషన్‌ది, బస్సులు ప్రభుత్వానివి. ముగ్గురికీ ముచ్చటైన పేచీ. పాతబడ్డ పట్టాలకు కొత్తగా డబ్బు పెట్టేవాడు ఎవడు? ట్రాము ఆగే నాటికి రాజాజీ ముఖ్యమంత్రి. మునిగిపోయే ట్రామును ఒడ్డెక్కించే చెయ్యి ఎటు నుంచీ రాలేదు.

అప్పటికి తెలుగువాళ్ల మనసులు కూడా ట్రాము మీద లేవు. 1952 అక్టోబరు 19న మైలాపూరు దగ్గర రాయపేట హైరోడ్డులో, బులుసు సాంబమూర్తిగారింట్లో పొట్టి శ్రీరాములుగారు ఆంధ్ర రాష్ట్రం కోసం నిరాహార దీక్ష మొదలుపెట్టారు. నెల్లూరివాళ్లకు ఆయన సొంత మనిషి. నాయన సాయంత్రాలు అటు వెళ్లి చూసి వచ్చేవాడు. డిసెంబరు 15 రాత్రి ఆయన ప్రాణం పోయింది. ఆ రెండు నెలల్లో ట్రాములో మాటలు మారిపోయాయి. ఎప్పుడూ పలకరించే తమిళ మేస్టారు పలకరింపు తగ్గించాడు. నాయనా తగ్గించాడు. పోట్లాట ఏమీ లేదు, ఎవరూ ఎవరినీ ఏమీ అనలేదు. మదరాసు మనదే అన్న నినాదం గోడల మీద తెలుగులో ఉండేది, దానికి జవాబు పక్కనే తమిళంలో ఉండేది. రెండింటి ముందు నుంచీ అదే ట్రాము పోయేది. ఆ రెండు గోడరాతలనూ చదవగలిగినవాళ్లు దాని లోపల కూర్చుని బయటకు చూసేవాళ్లు, ఒకళ్ల ముఖం ఒకళ్లు చూసుకునేవాళ్లు కాదు.

ఏప్రిల్లో ట్రాము ఆగింది. మొదటి రోజుల్లో అలవాటు చొప్పున జనం ట్రాము స్టేజీల దగ్గర నిలబడి, గుర్తొచ్చి బస్సు కోసం నడిచేవాళ్లు. బస్సుకు వరస కట్టాలి, కండక్టరుకు ముఖం చూసే తీరికలేదు. కొన్నాళ్లకు పట్టాలు పెకలించారు, కొన్నిచోట్ల వాటి మీదే తారు పోశారు. పనివాళ్లు చెల్లాచెదురయ్యారు. మా లైను డ్రైవరొకాయన సెంట్రల్ దగ్గర ఒక కొట్లో తక్కెడ పట్టుకుని కనిపించాడు. నాయన పలకరిస్తే, "కూర్చుని పని చేయడం ఇంకా అలవాటు కాలేదు సామీ" అన్నాడు. అక్టోబరులో రాష్ట్రం వచ్చింది. ఆ తర్వాత ఒక్కొక్కటిగా అచ్చాఫీసులు బెజవాడకు, హైదరాబాదుకు తరలడం మొదలైంది. నాయన యజమాని కూడా బెజవాడలో మిషను పెట్టాడు. కొంతకాలానికి మేమూ ఆ రైలే ఎక్కాం.

మదరాసొక్కటే ట్రామును పోగొట్టుకోలేదు. కాన్పూరులో 1933లోనే పోయింది. ఢిల్లీలో 1963లో, బొంబాయిలో 1964 మార్చి 31న ఆఖరి బండి నడిచింది. కలకత్తాలో మాత్రం ప్రభుత్వం 1967లో కంపెనీ అజమాయిషీ చేతిలోకి తీసుకుని, 1976లో సొంతం చేసుకుంది. అందుకే మరో రెండు తరాలవాళ్లు ట్రాము ఎక్కగలిగారు. ప్రభుత్వం చేతిలోకి వస్తే చాలు బతుకుతుందని అనడానికి వీల్లేదు. బొంబాయిలో ట్రాములు నగరపాలక సంస్థవే, అయినా పోయాయి. ట్రాము ఎక్కేవాళ్లు ఊరికి ముఖ్యమా, ట్రాము వెనక హారను కొట్టేవాళ్లు ముఖ్యమా అన్న ప్రశ్నకు ఏ ఊరు ఏం జవాబు చెప్పిందో, ఆ జవాబును బట్టే ట్రాము బతుకూ చావూ తేలాయి.

ఈ మధ్య మా మనవడు నన్ను మదరాసు మెట్రో ఎక్కించాడు. 2019లో అది వాషర్మన్‌పేట దాకా వచ్చింది. మన్నడి, హైకోర్టు, సెంట్రల్, మౌంటు రోడ్డు, అన్నీ నేల అడుగున. పేర్లు చదువుతుంటే నవ్వొచ్చింది. మా ట్రాము తిరిగిన దిక్కులే. నేల మీద ఉన్న పట్టాలు నిలబెట్టుకోవడానికి నాడు దొరకని డబ్బు, నేల కింద సొరంగం తవ్వడానికి నేడు వేల కోట్లలో దొరికింది. జనాన్ని కరెంటు బండిలో, రోడ్డు రద్దీతో పని లేకుండా మొయ్యాలన్న ఆలోచన 1895 నాటిదే. ఊరు దాన్ని 1953లో వద్దనుకుని, ఇప్పుడు ఎన్నో రెట్లు ఖర్చు పెట్టి తిరిగి కొనుక్కుంది. "తాతా, మీ ట్రాము చాలా నెమ్మది కదా?" అన్నాడు మా వాడు. నెమ్మదే. కానీ ట్రాము ఎక్కడానికి మెట్లు దిగక్కర్లేదు, సంచీ తనిఖీ లేదు, ఊరు కనబడకుండా పోయేది కాదు. గంటకు ఇన్ని మైళ్లని లెక్కేస్తే ట్రాము ఓడిపోతుంది, ఒప్పుకుంటాను. అణా ఇచ్చినవాడికి ఊరంతా చూపించి, పక్కవాడి భాష నాలుగు ముక్కలు నేర్పి దింపిన బండి దాని తర్వాత మదరాసుకు మరొకటి రాలేదు. తెలుగువాడు తమిళుడితో గొడవ పెట్టుకోకముందు అతని పక్కన కూర్చోవడం నేర్చుకున్నది దాంట్లోనే. రాష్ట్రాలు విడిపోవడం అవసరమే, అందులో నాకు సందేహం లేదు. ఆ బెంచీ మాత్రం ఎవరి వాటాకూ రాలేదు.